చెల్లని కార్డు

కిందటి వారం పెద్దక్కని లైసెన్సుల ఆఫీసు కిటికీ ముందు, వరసలో నిలబెట్టి వచ్చేశాం. ఆమె అక్కడిదాకా ఎందుకు వచ్చిందో మరిచిపోయినవాళ్ల కోసం, ఇవాళే మొదటిసారి చదివేవాళ్ల కోసం నాలుగు మాటలు.

పెద్దక్కకి ఒక్కడే కొడుకు. గుమ్మం తలకి తగలకుండా వంగి లోపలికి రావాల్సినంత పొడుగు. అయినా వీధి వీధంతా వాణ్ణి బుడ్డోడనే పిలిచేది. మేనమామని కలుద్దామని ఆయన పనిచేసే ఫర్నిచర్ షాపుకి వెళ్లిన బుడ్డోడు, గోదాము వెనకున్న ఇనప మెట్ల మీదనుంచి కిందపడ్డాడు. పైన వాణ్ణి అడ్డగించింది అక్కడ కొత్తగా చేరిన సెక్యూరిటీ గార్డు. దొంగ అనుకుని ఆపానని, కుర్రాడే విదిలించుకోబోయి జారాడని గార్డు చెప్పుకున్నాడు. చూసినవాళ్లు ఎవరూ లేరు. బుడ్డోడికి నడుం కింది భాగం మరి కదల్లేదు. గార్డుకి సరైన లైసెన్సు ఉందా అని పోలీసులు అడిగితే, ఉందని, అన్నీ చూసుకునే పనిలో పెట్టుకున్నామని షాపు తరఫున రాసిచ్చింది పెద్దక్క తమ్ముడే. అక్కడ సిబ్బంది వ్యవహారాలన్నీ అతనే చూస్తాడు. తమ్ముడి మాట కదా అని పెద్దక్క ఊరుకుంది. కానీ మొన్న అదే మనిషి, అదే యూనిఫాంలో, ఓ సినిమా హాలు గేటు దగ్గర ఈల వేస్తూ బళ్లు సర్దుతూ కనపడేసరికి ఆమె ఇక ఊరుకోలేకపోయింది. కేసు కాగితాల్లో ఉన్న అతని కార్డు ఫోటో తీసుకుని, పనికి సెలవు పెట్టి బయల్దేరింది.

ఇక ఇవాళ్టి సంగతి.

వరస కదిలి కదిలి పెద్దక్క వంతు వచ్చింది. కిటికీ అవతల కూర్చున్నావిడ తల ఎత్తకుండానే అడిగింది.

"ఏం కావాలి?"

"ఓ గార్డు లైసెన్సు చెల్లుతుందో లేదో తెలుసుకోవాలండీ."

"దానికి ఇంత దూరం రావాలా? ఫోన్లో చూసుకోవచ్చుగా."

"చూశానండీ. అసలు అలాంటి నంబరే లేదంటోంది."

"అంకెల ముందు రెండు అక్షరాలుంటాయి, అవి కొట్టి ఉండరు. వచ్చేవాళ్లంతా ఇదే చెప్తారు. ఏదీ, ఆ కార్డు ఇలా ఇవ్వండి."

పెద్దక్క ఫోటో కాగితం కిటికీ కిందనుంచి లోపలికి జరిపింది. ఆవిడ దాన్ని దగ్గరికి తెచ్చుకుంది, దూరం పెట్టింది, మళ్లీ దగ్గరికి తెచ్చుకుంది. కళ్లద్దాలు ముక్కు చివరికి జారిపోతుంటే గడ్డం పైకెత్తి మరీ అక్షరాలు వెతుక్కుంటోంది. ఒకటికి రెండుసార్లు తప్పు నంబరు కొట్టి, విసుక్కుంది.

పెద్దక్క పనిచేసేది కళ్లద్దాల షాపులో. అద్దాలు అరగదీసి ఫ్రేముల్లో బిగించడం ఆమె పని. ఎంత దిగుల్లో ఉన్నా ఎదుటి మనిషి ముక్కు మీద వంకరగా కూర్చున్న ఫ్రేము చూస్తే ఆమె చేతులు ఊరుకోవు.

"ఏమీ అనుకోకపోతే అవి ఒక్కసారి ఇవ్వండి" అంది.

ఆవిడ అనుమానంగా చూసింది. అయినా తీసి ఇచ్చింది. పెద్దక్క కుడి కాడని వేళ్ల మధ్య పట్టుకుని కొంచెం లోపలికి వంచింది, ముక్కు దగ్గరి బొడిపెలు రెండూ దగ్గరికి నొక్కింది, పైట కొంగుతో అద్దాలు తుడిచి తిరిగిచ్చింది. ఆవిడ పెట్టుకుని తల అటూ ఇటూ ఊపింది. జారలేదు.

"ఆరు నెల్ల నుంచి చంపుకు తింటున్నాయమ్మా ఇవి నన్ను" అంది ఆవిడ. అప్పటిదాకా లేని 'అమ్మ' ఇప్పుడు గొంతులోకి వచ్చి చేరింది. ఈసారి నంబరు సరిగ్గా పడింది. ఆవిడ కంప్యూటరు తెర వంక చూసి, పెద్దక్క వంక చూసి, గొంతు తగ్గించింది.

"ఈయన మీకేమవుతాడు?"

"ఏమీ కాడు. మా అబ్బాయి కేసులో ఉన్న మనిషి."

"సస్పెన్షన్‌లో ఉందమ్మా లైసెన్సు."

"ఎప్పట్నించి?"

ఆవిడ తెరని కొంచెం ఇటు తిప్పింది. పెద్దక్క తేదీ చదివింది. బుడ్డోడు పడకముందుది. గార్డు ఆ షాపులో చేరకముందుది కూడా.

"మరి కార్డు మీద గడువు ఇంకా ఉంది కదండీ?"

"కార్డు మీద ఉండేది అది అచ్చేసిన నాటి సంగతి. ఇవాళ్టి సంగతి మా దగ్గరుంటుంది. సస్పెండ్ చేసినప్పుడు కార్డు తెచ్చి అప్పజెప్పమని నోటీసు పంపుతాం. బుద్ధిమంతులు తెచ్చిస్తారు. మిగతావాళ్లు జేబులో పెట్టుకు తిరుగుతారు. అందుకే పనిలో పెట్టుకునేవాళ్లు కార్డు చూస్తే చాలదు, మా రికార్డు కూడా చూడాలని రూలు."

"ఎందుకు సస్పెండ్ చేశారు?"

"ఎవరినో కొట్టాడని ఫిర్యాదు. విచారణ తేలలేదు. ఇంతకుమించి నేను చెప్పకూడదు."

పెద్దక్క కిటికీ చెక్క పట్టుకుని నిలబడింది. ఒళ్లు మండిపోతున్నా, లోపల ఎక్కడో ఓ మూల కాస్త ఊరట కూడా కలిగింది. తమ్ముడు కార్డు చూశాడు, గడువు ఉందనుకున్నాడు, అంతటితో సరిపెట్టాడు. వాడికి చిన్నప్పట్నించీ అంతే. లెక్క సగం చేసి చివర జవాబు రాసేసేవాడు. బద్ధకం, అశ్రద్ధ, ఏమైనా అనొచ్చు. కానీ కావాలని చేసింది కాదు. ఆ మాటే పైకి అనేసింది.

"షాపువాళ్లు మీ రికార్డు చూసి ఉండరు లెండి. కార్డు చూసి మోసపోయుంటారు."

"చూశారో లేదో కూడా తెలుస్తుందమ్మా. కంపెనీలకి వాళ్ల లాగిన్ ఉంటుంది. ఏ కంపెనీ, అందులో ఎవరు, ఏ గార్డు గురించి వెతికారు, వెతికినప్పుడు ఏం కనపడింది, అన్నీ ఇక్కడ పడతాయి. మామూలుగా ఇవ్వం. కేసులో బాధితుల తరఫువాళ్లు అడిగితే ఇస్తాం. అడుగుతారా?"

అడగకుండా వచ్చేసి ఉంటే ఎలా ఉండేదో అని తర్వాత చాలాసార్లు అనుకుంది పెద్దక్క. ఆ క్షణాన మాత్రం తల ఊపింది.

కేసు కాగితాలు చూపించాక, సంతకాలయ్యాక, ముద్ర వేసిన రెండు కాగితాలు చేతికొచ్చాయి. మొదటిది లైసెన్సు స్థితి. రెండోదాంట్లో ఉన్నది ఒకే ఒక్క వరస. ఫర్నిచర్ షాపు పేరు. వెతికిన తేదీ, గార్డు పనిలో చేరడానికి ముందటి రోజు. కనపడిన ఫలితం: సస్పెన్షన్. వెతికిన ఉద్యోగి పేరు.

తల్లి పోయాక, తమ్ముణ్ణి ఒళ్లో కూర్చోబెట్టుకుని, చెయ్యి పట్టుకుని పలక మీద ఆమె దిద్దించిన పేరు అది.

"నీళ్లు కావాలామ్మా?" అంది కిటికీ అవతలావిడ.

"వద్దండీ" అంది పెద్దక్క. ఆ మాట తన నోట్లోంచి వచ్చినట్టే అనిపించలేదు.

*

షాపు ముందు భాగంలో మంచాలు, సోఫాలు, అద్దాల బీరువాలు ధగధగలాడుతున్నాయి. పెద్దక్క అటు వెళ్లలేదు. సందులోంచి వెనక్కి తిరిగింది. వెనక వాకిలి నుంచి వస్తే మామయ్య గది దగ్గర అని బుడ్డోడు ఎప్పుడూ ఇటే వచ్చేవాడు. వాడు పడ్డ తర్వాత ఆమె ఇక్కడికి రావడం ఇదే మొదలు.

మెట్లకి కొత్త రెయిలింగు బిగించారు. ఆకుపచ్చ రంగు ఇంకా పూర్తిగా ఆరలేదు. ముట్టుకుంటే వేలికి అంటింది. కింద సిమెంటు నేల మీద లారీ టైర్ల మరకలు తప్ప ఇంకేం లేవు. ఏముంటాయని వెతుకుతున్నానని తనని తానే కసురుకుని, రెయిలింగు పట్టుకోకుండానే పైకెక్కింది.

తమ్ముడు భోజనం చేస్తున్నాడు. బల్ల మీద ఫైళ్లు ఓ పక్కకి నెట్టి, పేపరు పరిచి, దాని మీద లంచ్ బాక్స్ పెట్టుకున్నాడు. అక్కని చూడగానే మొహం విప్పారింది.

"రా అక్కా! ఫోనైనా చెయ్యకుండా వచ్చావే? తిన్నావా? కూర్చో, సగం సగం తిందాం."

"చెయ్యి కడుక్కుని రా."

"ఇంకా తినందే..."

"కడుక్కుని రా అన్నాను."

ఆ గొంతు తమ్ముడికి తెలుసు. చిన్నప్పుడు బళ్లో ఎవరి పెన్సిలో దొంగిలించి తెచ్చినప్పుడు విన్న గొంతు అది. లేచి వెళ్లి చెయ్యి కడుక్కుని వచ్చాడు. తలుపు మూసిరమ్మంటే మూశాడు.

"ఆ గార్డుని పెట్టుకునేటప్పుడు లైసెన్సు చూశావా?" అంది పెద్దక్క.

"మళ్లీ అదేనా అక్కా? చూశానని పోలీసులకి కూడా రాసిచ్చాను కదా."

"ఏం చూశావు?"

"కార్డు చూశాను. గడువుంది."

"కార్డేనా? రికార్డు చూడలేదా?"

తమ్ముడు ఓ క్షణం తడబడ్డాడు. ఏ జవాబు తనకి మేలో లోలోపల బేరీజు వేసుకుంటున్నాడని పెద్దక్కకి అర్థమైంది. ఆ తడబాటుతో ఆమెకి గుండెలో కత్తి దిగినట్టయింది.

"చూసే టైమెక్కడిదక్కా? పండగ సీజను కూడా కాదు, అయినా లారీల మీద లారీలు. మనుషులు దొరక్క చస్తున్నాం. కార్డు చూసి తీసుకున్నాం. తప్పే అనుకో. కానీ లోకంలో అందరూ చేసేదే."

పెద్దక్క సంచిలోంచి రెండో కాగితం తీసి, లంచ్ బాక్స్ పక్కన పెట్టింది.

"చదువు."

అతను చదివాడు. చదివి, మళ్లీ మొదట్నించి చదివాడు. మొహంలో నెత్తురు చుక్క లేదు. పై గదిలో ఎవరో బల్ల ఈడుస్తున్నట్టున్నారు, నెత్తి మీద కీచుమని మోత. అది ఆగాక తమ్ముడు అడిగాడు.

"నీకు ఇది ఎవరిచ్చారు?"

"ఎవరిచ్చారన్నది కాదురా. నీ పేరు దీని మీదకి ఎలా వచ్చిందో చెప్పు. నువ్వు చూశావు. చెల్లదని నీ కళ్ల ఎదురుగా కనపడింది. మర్నాడే వాణ్ణి తెచ్చి ఆ మెట్ల మీద నిలబెట్టావు. పైగా పోలీసుల ముందు సంతకం పెట్టావు. నేను ఆసుపత్రి వరండాలో కూర్చుని ఏడుస్తుంటే, పక్కన కూర్చుని నా వీపు నిమిరావు."

"అక్కా, నెమ్మదిగా. బయట మనుషులున్నారు."

"ఉండనీ."

"ఇది బయటికొస్తే నా ఉద్యోగం పోతుందక్కా. ఉద్యోగమే కాదు, తప్పుడు సంతకమని కేసు కూడా పెడతారు. ఇంట్లో పిల్లలున్నారు నాకు."

"వాడికి కాళ్లు పోయాయిరా" అంది పెద్దక్క.

అరవలేదు. మామూలుగానే అంది. తమ్ముడు మొహం రెండు చేతుల్లో దాచుకున్నాడు. వేళ్ల సందుల్లోంచి ఏడుపు వినపడింది. ఇంకెప్పుడైనా అయితే ఆమె చెయ్యి తనంత తానే వాడి తల మీదకి వెళ్లేది. ఇవాళ రెండు చేతులూ ఒళ్లో బిగించుకుని కూర్చుంది. తన చేతులు తన మాట వింటున్నందుకు ఆమెకే భయమేసింది.

"ఏడుపు తర్వాత. ఎందుకు పెట్టుకున్నావో చెప్పు. గార్డులు దొరక్కనా? ఆ నెలలోనే ఇద్దర్ని వద్దని తిప్పి పంపానని నువ్వే మా ఇంట్లో కూర్చుని గొప్పలు పోయావు. మరి ఈ చెల్లని వాడి మీద అంత ప్రేమేంటి?"

"ఒకరు అడిగారు."

"ఎవరు?"

"వదిలెయ్యక్కా. నన్ను ఏమైనా చేసుకో. పోలీసుల దగ్గరికి వెళ్తానంటే నేనే వస్తాను. కానీ అది మాత్రం అడక్కు."

"ఎవర్రా?"

తమ్ముడు తల ఎత్తాడు. కళ్లు ఎర్రబడ్డాయి. చెప్పకుండా ఉండటానికి ఇంతకాలం ఎంత కష్టపడ్డాడో అతని మొహంలో కనపడింది.

"బావ."

పెద్దక్కకి ముందు నవ్వొచ్చింది. నిజంగానే నవ్వింది, చిన్నగా, ముక్కుతో. ఎవరో ముక్కూ మొహం తెలియని మనిషి పేరు విన్నట్టు. తన భర్త. డ్రైవింగ్ స్కూల్లో ఎంతమందికి కార్లు నేర్పినా, ఇంట్లో పది మాటలు మాట్లాడితే గొప్ప అనిపించే మనిషి. సాటివాళ్ల దగ్గర అప్పనంగా గ్లాసెడు టీ కూడా తాగని మనిషి. ఆయన సిఫార్సు చెయ్యడమా?

"తప్పు నువ్వు చేసి ఆయన మీదకి తోస్తున్నావా? ఇల్లు కదలకుండా కొడుక్కి ఒంటేలూ దొడ్డీ ఎత్తుతున్న మనిషి మీదకా? సిగ్గులేదురా నీకు?"

"నువ్వు కూర్చున్నావే, ఆ కుర్చీలోనే కూర్చున్నాడక్కా. ఓ మనిషికి పని కావాలన్నాడు. సరే బావా, కార్డు పంపించమన్నాను. పంపిస్తే రికార్డు చూశాను. చెల్లదని వచ్చింది. వెంటనే బావకి ఫోన్ చేశాను. నాకు తెలుసన్నాడు. వాడి మీద ఫిర్యాదున్న సంగతీ తెలుసు, అయినా పెట్టుకో, నాకోసం అన్నాడు. ఇన్నేళ్లలో నన్ను ఒక్కటంటే ఒక్కటి అడగని మనిషక్కా. నా పెళ్లికి పందిరి గుంజలు కూడా తనే పాతాడు. నేనెలా కాదంటాను?"

"నాకెందుకు చెప్పలేదు?"

"అక్కకి తెలియకూడదని మాట తీసుకున్నాడు. బుడ్డోడు పడ్డాక ఆసుపత్రిలో నా చెయ్యి పట్టుకున్నాడు. ఇప్పుడు అసలే చెప్పకు, చెప్తే ఇల్లు నిలబడదు అన్నాడు."

పెద్దక్క లేచింది. కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి సంచిలో వేసుకుంది. మడత సరిగ్గా రాలేదు, మళ్లీ విప్పి పెట్టింది.

"అక్కా, ఆ కాగితం ఎవరికిస్తావు?"

"ముందు మీ బావకి" అంది పెద్దక్క.

*

ఇంటికొచ్చేసరికి ఎండ ఇంకా తగ్గలేదు. వీధి తలుపు తీసే ఉంది. ముందు గదిలో కిటికీ పక్కన మంచం, మంచం మీద బుడ్డోడు. వీపు కింద రెండు దిండ్లు. వాళ్ల నాన్న పక్కన స్టూలు మీద కూర్చుని కొడుక్కి గడ్డం గీస్తున్నాడు. నీళ్ల గిన్నె కిటికీ అంచున పెట్టుకున్నాడు. ఎడం చేత్తో గడ్డం కింద చర్మం లాగిపట్టి, కుడి చేత్తో పైనుంచి కిందికి మెల్లిగా రేజరు దింపుతున్నాడు. ఆయనకి గేరు మార్చినంత నైపుణ్యం ఇందులో లేదు. కానీ ఎక్కడా తెగనివ్వడు.

"వచ్చావా? ఏమన్నారు?" అన్నాడు, తల తిప్పకుండా.

బస్సులో వస్తున్నంతసేపూ పెద్దక్క ఎన్నో మాటలు కూర్చుకుంది. కొడుకు ముందు అడక్కూడదనుకుంది. వంటింట్లోకి పిలవాలనుకుంది. తమ్ముడు అబద్ధమాడి ఉంటే బాగుండునని, ఈయన ఒక్క మాటతో దాన్ని కొట్టిపారేస్తే బాగుండునని కోరుకుంది. తీరా గడపలో నిలబడేసరికి అవేవీ గుర్తురాలేదు.

"ఆ గార్డు మీకెలా తెలుసు?" అంది.

రేజరు ఆగింది. సరిగ్గా బుడ్డోడి గొంతు పక్కన ఆగింది. ఆయన దాన్ని జాగ్రత్తగా ఎత్తి, నీళ్లలో ముంచి, గిన్నె అంచుకి ఆనించాడు. చేతులు తుడుచుకున్నాడు. ఎవరు చెప్పారని అడగలేదు. ఏ గార్డని అడగలేదు. అదే పెద్దక్కకి జవాబయింది. తలుపు రెక్కకి ఆనుకుంది.

"తమ్ముడు అంతా చెప్పాడు. ఆ గార్డు చెల్లని మనిషని తెలిసే పెట్టించారట. ఎవరినో కొట్టిన మనిషని తెలిసే పెట్టించారట. ఇన్నాళ్లూ నా పక్కన కూర్చుని తింటున్నారు. ఎలా మింగుడుపడిందండీ మీకు?"

ఆయన పెద్దక్క వంక చూడలేక కళ్లు తిప్పుకుని, కొడుకు వైపు చూశాడు. ఆ చూపు తప్పు చేసినవాడి చూపులా లేదు. చెప్పమంటావా వద్దా అని అడుగుతున్నట్టుంది.

పెద్దక్క కూడా బుడ్డోడి వైపు తిరిగింది. పడినప్పట్నించీ ఆ రోజు గురించి వాడు ఒక్క ముక్క మాట్లాడలేదు. ఎవరు అడిగినా మొహం గోడవైపు తిప్పుకునేవాడు. భయం వల్ల అనుకున్నారు అందరూ. డాక్టరు కూడా అదే అన్నాడు. ఇప్పుడు వాడు గోడవైపు తిరగలేదు. ఓ చెంప నున్నగా, ఓ చెంప నురగతో, సూటిగా తల్లి కళ్లలోకి చూస్తున్నాడు.

"నాన్ననేమీ అనకమ్మా" అన్నాడు. "ఆ గార్డుకి పని ఇప్పించమని నాన్న కాళ్లు పట్టుకుంది నేను."

"నువ్వా? నువ్వెందుకురా?"

నురగ చెంప మీదనుంచి జారి మెడ మీదకి దిగింది. తుడవబోయిన తండ్రి చేతిని బుడ్డోడు మెల్లిగా పక్కకి తోశాడు.

"ఆయన లైసెన్సు పోయింది నా మూలంగానమ్మా."